పట్టు పురుగుల పెంపక గృహం: గాలి, బరువు, భూకంపం లెక్కలు



పెంపక గృహం అనగానే మన శాఖ వారు చెప్పే మాటలు మీకు కంఠస్థమే. గాలి వెలుతురు ఉండాలి, ఉష్ణోగ్రత 24 నుండి 26 డిగ్రీల మధ్య ఉండాలి, పంటకు పంటకు మధ్య బ్లీచింగ్ ద్రావణంతో శుద్ధి చేయాలి, ఊజీ ఈగ రాకుండా కిటికీలకు నైలాన్ వల కట్టాలి. ఇవన్నీ పురుగు బ్రతకడానికి చెప్పే మాటలు. ఆ గృహమే నిలబడుతుందా, దాని కింద పడుకున్న మనిషి క్షేమంగా లేస్తాడా అన్న విషయం ఎక్కువగా మేస్త్రీకి, వెల్డింగు పనివానికి వదిలేస్తున్నాము. ఈ కరపత్రంలో ఆ సంగతే చెప్పదలచాము. దేగ్లూర్, బిలోలి, ధర్మాబాద్ వైపు గాని, సరిహద్దు దాటి మద్నూర్, జుక్కల్, బోధన్ వైపు గాని కొత్తగా మల్బరీ వేసి షెడ్డు కట్టబోయే వారు మేస్త్రీతో బేరం కుదుర్చుకునే ముందే దీనిని చదవవలసిందిగా కోరుతున్నాము. షెడ్డు ఇప్పటికే కట్టుకున్న వారికి కూడా ఇందులో చేయవలసిన పని ఉంది.

ముందుగా ధామన్‌కర్ నాకా సంగతి

మన సరిహద్దు గ్రామాలలో భివండికి పోయిన బంధువు లేని కుటుంబం తక్కువ. తెలంగాణ జిల్లాల నుండి పద్మశాలీలు, వారి వెంట ఇతర కులాల వారు మరమగ్గాల పనికి వెళ్ళి, తరాలుగా అక్కడే స్థిరపడ్డారు. పద్మానగర్‌లో నేటికీ తెలుగు మాటే వినబడుతుంది. ఆ ఊళ్ళోనే ధామన్‌కర్ నాకా దగ్గర, పటేల్ కాంపౌండులో, జిలానీ బిల్డింగ్ అనే మూడంతస్తుల నివాస భవనం 2020 సెప్టెంబరు 21న తెల్లవారుజామున కూలిపోయింది. 1984లో కట్టిన భవనం అది. అందరూ నిద్రలో ఉన్న వేళ. ముప్ఫై ఎనిమిది మందికి తక్కువ కాకుండా చనిపోయారు, వారిలో పసిపిల్లలు కూడా ఉన్నారు. జాతీయ విపత్తు స్పందన దళం వారు రోజుల తరబడి శిథిలాలు తొలగించవలసి వచ్చింది.

తుపాను ఊరి మీదికి వచ్చిన రాత్రి కాదు అది. ఊళ్ళు కూల్చే భూకంపమూ రాలేదు. మళ్ళీ 2023 ఏప్రిల్ 29న అదే భివండి ప్రాంతంలో, వల్‌పాడలో, గోదామూ కాపురాలూ కలిసి ఉన్న మరో భవనం పడిపోయి ఎనిమిది మంది మరణించారు. అప్పుడు వానాకాలమైనా కాదు, ఎండాకాలం.

భివండి వంటి మగ్గాల ఊళ్ళలో ఇల్లు, కార్ఖానా, గోదాము వేర్వేరు చోట్ల ఉండవు. కింద మగ్గాలు, పక్కన నూలు బస్తాలు, పైన కాపురం. ఇల్లని కట్టినది కొన్నాళ్ళకు గోదాము అవుతుంది. గోదాము మీద మరో అంతస్తు లేస్తుంది. కాగితం మీద పేరు మాత్రం మారదు. రైతులకు దూరపు ఊరి కథ చెబుతున్నానని అనుకోకండి. మన పెంపక గృహాల విషయంలోనూ ఇదే జరుగుతున్నది, అందుకే దీనితో మొదలుపెట్టాను.

కట్టడం మీద పడే బరువులు ఏవి?

ఇంజనీర్లు ఏ కట్టడానికైనా ముందు లెక్కించేది దాని మీద పడబోయే భారం. మన దేశంలో దీనికి భారతీయ ప్రమాణాల సంస్థ వారి ఐ.ఎస్. 875 అనే ప్రమాణం ఉంది. ఐదు భాగాలు. మొదటి భాగం కట్టడం సొంత బరువు గురించి, రెండవది వాడకం వల్ల పడే బరువు గురించి, మూడవది గాలి గురించి. మంచు గురించిన నాలుగవ భాగంతో మనకు పని లేదు. భూకంపానికి ఐ.ఎస్. 1893 అని వేరే ప్రమాణం ఉంది. వీటిలో ఉన్నవన్నీ కనీస భారాలు. అంటే ఇంతకంటే తక్కువ లెక్క వేసి కట్టరాదని అర్థం, ఎక్కువకు కట్టుకుంటే ఎవరూ కాదనరు.

వాడకపు బరువు సంగతి చూడండి. ప్రమాణంలో చదరపు మీటరుకు చెప్పిన అంకెలను మనకు అలవాటైన చదరపు అడుగులోకి మార్చి చెబుతున్నాను. నివాస గృహంలో గది నేలకు సుమారు 19 కిలోలు. తేలికపాటి యంత్రాలు ఉండే కార్ఖానాకు 47 కిలోలు, మధ్యస్థ యంత్రాలకు 66 కిలోలు. సామాను నిల్వ చేసే గోదాముకు ఎత్తును బట్టి అడుగు ఎత్తుకు 7 కిలోల చొప్పున, ఎంత తక్కువైనా 70 కిలోలకు తగ్గకుండా. మనిషి ఎక్కి తిరగని రేకు కప్పుకు 7 కిలోలు. ఇవి కాక, మగ్గం వలె ముందుకు వెనుకకు కొట్టుకునే యంత్రమైతే అదురు కోసం దాని బరువుకు మరో సగం చేర్చి లెక్కించాలి.

ఇల్లుకూ గోదాముకూ మధ్య తేడా మూడున్నర రెట్లు దాటిందని గమనించారు కదా. గోడ అదే, స్లాబు అదే. లోపలి పని మారగానే దాని మీద పడే భారం ఇన్ని రెట్లు పెరుగుతుంది. రోజుకొక బస్తా చొప్పున చేర్చే వానికి అది తెలియదు, ఎందుకంటే ఏ ఒక్క రోజూ ఎక్కువ వేసినట్లు కనబడదు.

మన షెడ్డు పేరేమిటి, పనేమిటి?

కాగితం మీద పెంపక గృహం వ్యవసాయ కట్టడం. గాలి ప్రమాణంలో వ్యవసాయ కట్టడాలకు ఒక సడలింపు ఉంది. మనుషులు నివసించని కట్టడం కాబట్టి, పడిపోయినా ప్రాణనష్టం తక్కువ అన్న ఉద్దేశంతో గాలి వేగాన్ని సుమారు పదో వంతు తగ్గించి లెక్కించవచ్చని చెప్పారు. వేగం పదో వంతు తగ్గితే ఒత్తిడి దాదాపు ఐదో వంతు తగ్గుతుంది. అమెరికాలో వాడే ఏ.ఎస్.సి.ఇ. 7 అనే కనీస భారాల ప్రమాణంలోనూ పొలంలోని కొట్టాలను అన్నిటికంటే తక్కువ ప్రమాద తరగతిలోనే పెట్టారు. గడ్డి వామికి, ట్రాక్టరు కొట్టానికి ఇది న్యాయమే.

పట్టు రైతుకు మాత్రం ఇది వర్తించదని నా అభిప్రాయం. నాలుగో జ్వరం లేచిన దగ్గర నుండి పురుగు గూడు కట్టే దాకా మీ ఇంటిల్లిపాదీ ఎక్కడ ఉంటున్నారు? పంట మొత్తంలో తినే ఆకులో నూటికి ఎనభై పాళ్ళకు పైగా ఐదవ దశలోనే వేయాలి. రాత్రి పది గంటలకు ఒక మేత, మళ్ళీ తెల్లవారగానే ఒక మేత. మధ్యలో ఇంటికి ఎవరు పోతారు? స్టాండ్ల మధ్య నడవలో చాప వేసుకుని అక్కడే పడుకుంటారు. ఒడిలో బిడ్డ ఉన్న తల్లి ఆ బిడ్డను కూడా అక్కడే పడుకోబెడుతుంది. ఆ వారం రోజులూ అది కొట్టం కాదు, నివాసం. కావున షెడ్డు వేయించేటప్పుడు వ్యవసాయ కట్టడం సడలింపు తీసుకోవద్దు. మనుషులు పడుకునే ఇల్లుగానే లెక్క కట్టమని ఇంజనీరును అడగండి. ఇనుము కొంచెం ఎక్కువ పడుతుంది. ఆ ఖర్చు దండుగ కాదు.

గాలి: రేకుల షెడ్డుకు మొదటి శత్రువు

ప్రమాణంలోని గాలి పటం దేశాన్ని ఆరు వేగాలుగా విభజించింది. సెకనుకు 33 మీటర్లు మొదలుకొని 55 మీటర్ల వరకు. బెంగుళూరుకు 33, పుణెకు, ఔరంగాబాదుకు 39, ముంబాయికి, హైదరాబాదుకు, నాగపూరుకు 44, విజయవాడ, విశాఖపట్నం, నెల్లూరు వంటి తీర పట్టణాలకు 50. సెకనుకు 44 మీటర్లు అంటే గంటకు 158 కిలోమీటర్లు. మన సరిహద్దు పట్టీ ఔరంగాబాదు, హైదరాబాదు, నాగపూరుల నడుమ ఉన్నది. మీ గ్రామం పటంలో ఏ రంగులో పడుతుందో ఇంజనీరు చూసి చెబుతారు. చెప్పేవారు లేకపోతే 44 అనే తీసుకోండి.

వేగం నుండి ఒత్తిడి కట్టే పద్ధతి సులువే. వేగాన్ని అదే వేగంతో గుణించి, 0.6తో మళ్ళీ గుణిస్తే చదరపు మీటరుకు ఎన్ని న్యూటన్లో వస్తుంది. మనకు అర్థమయ్యేలా చెప్పాలంటే, 33 మీటర్ల గాలి చదరపు అడుగు మీద సుమారు 6 కిలోల బలంతో నెడుతుంది. 39 మీటర్లయితే ఎనిమిదిన్నర కిలోలు. 44 అయితే 11 కిలోలు. 50 అయితే 14 కిలోలు. వేగం రెట్టింపైతే బలం రెట్టింపు కాదు, నాలుగింతలు అవుతుందని గుర్తుంచుకోండి. నిన్నటి గాలికి షెడ్డు కదలలేదు కాబట్టి రేపటి గాలికీ కదలదని అనుకోవడం ఇందువల్లనే పొరపాటు.

గాలి షెడ్డును పక్కకు నెడుతుందనే చాలామంది అనుకుంటారు. రేకుల షెడ్లు ఎక్కువగా పోయేది అలా కాదు. గాలి వాలు కప్పు మీదుగా పోయేటప్పుడు పైన పీల్పు ఏర్పడి కప్పును ఎత్తుతుంది. అదే సమయంలో గాలి వచ్చే వైపు తలుపు గాని, కిటికీల వరుస గాని తెరిచి ఉంటే లోపలికి దూరిన గాలి గోనెసంచిని ఉబ్బించినట్లు షెడ్డును ఉబ్బించి కింది నుండి కప్పును తోస్తుంది. పైనుండి లాగుడు, కింది నుండి తోపు రెండూ కలుస్తాయి.

ఒక లెక్క వేద్దాం. యాభై అడుగుల పొడవు, ఇరవై అడుగుల వెడల్పు షెడ్డు. కప్పు వేయి చదరపు అడుగులు. చదరపు అడుగుకు 11 కిలోల చొప్పున ఎత్తుడు బలం 11,000 కిలోలు, అంటే పదకొండు టన్నులు. ఇక కప్పును కిందికి పట్టి ఉంచేది ఏమిటి? అర మిల్లీమీటరు ఇనుప రేకు చదరపు అడుగుకు అర కిలో కూడా తూగదు. పైపులు, పర్లిన్లు అన్నీ కలిపినా మొత్తం టన్ను, టన్నున్నర. మిగిలిన తొమ్మిదిన్నర, పది టన్నులను పట్టుకోవలసినవి బోల్టులు, వెల్డింగు, స్తంభాలు, పునాది. వీటిలో ఏ ఒక్కటి బలహీనమైనా కప్పు అక్కడే తెగుతుంది.

రేకులు ఎగరకుండా వాటి మీద రాళ్ళు, ఇసుక మూటలు పెట్టే అలవాటు మన వైపు బాగా ఉంది. ఇరవై కిలోల రాళ్ళు ఇరవై పెట్టినా నాలుగు వందల కిలోలే కదా. పదకొండు టన్నుల ముందు అది లెక్కలోకి రాదు. పైగా రేకు లేచినప్పుడు ఆ రాయి పడేది కింద పడుకున్న వారి మీద. దయచేసి ఆ రాళ్ళను తీసివేయండి.

స్తంభం పునాది చూద్దాం. పది అడుగులకు ఒక వరుస చొప్పున స్తంభాలు ఉంటే, మధ్యనున్న ఒక్కొక్క స్తంభం వంద చదరపు అడుగుల కప్పును పట్టుకోవాలి. అంటే 1,100 కిలోల ఎత్తుడు. ఘనపుటడుగు కాంక్రీటు సుమారు 68 కిలోలు తూగుతుంది. సాధారణంగా వెల్డింగు వారు తీసే అడుగున్నర గుంతలో, అంటే అడుగున్నర పొడవు, వెడల్పు, లోతు గుంతలో, పట్టే కాంక్రీటు 230 కిలోలు మాత్రమే. రెండున్నర అడుగుల చదరంలో మూడడుగుల లోతు గుంత తీసి నింపితే 1,275 కిలోలు వస్తుంది. అప్పుడు ఆ స్తంభం తన వాటా బలాన్ని తన పునాది బరువుతోనే ఆపుకుంటుంది. గుంతకు ఒక అడుగు తగ్గించి మిగిల్చిన సిమెంటు ఎందుకూ కొరగాదు.

రేగడి భూములలో ఇంకొక చిక్కు. రేగడి మట్టి వానకు ఉబ్బుతుంది, ఎండకు నెరలు విచ్చుతుంది. నెర విచ్చినప్పుడు మట్టి స్తంభాన్ని వదిలేస్తుంది. మనకు ఈదురు గాలులు వచ్చేది ఎప్పుడు? చైత్ర వైశాఖాలలో అకాల వర్షాలతో, ఆ తరువాత రోహిణి, మృగశిర కార్తెలలో. సరిగ్గా నేల విచ్చి ఉన్న కాలంలోనే. అందుచేత రేగడిలో మట్టి పట్టును నమ్ముకోకుండా పునాది సొంత బరువునే నమ్ముకోవాలి. వీలైనంత వరకు మొరం తగిలే దాకా తవ్వాలి.

కప్పు బిగింపులో చూడవలసినవి ఇవి. రేకును పర్లిన్‌కు బిగించే జె-హుక్కుకు గాని, స్క్రూకు గాని వెడల్పాటి వాషరు తప్పక ఉండాలి. వాషరు లేని చోట రేకు చిరిగి, బోల్టు తలను పర్లిన్ మీదనే వదిలి, తాను మాత్రం లేచిపోతుంది. అంచుల వద్ద, మూలల వద్ద, కొప్పు వద్ద పీల్పు మధ్యలోకంటే ఎక్కువగా ఉంటుంది. కాబట్టి అక్కడ బోల్టులు దగ్గర దగ్గరగా, ప్రతి గాడికి ఒకటి చొప్పున వేయాలి. మధ్యలో గాడి విడిచి గాడికి వేసినా సరిపోతుంది. పర్లిన్‌ను ట్రస్సుకు, ట్రస్సును స్తంభానికి కలిపే చోట్లు కూడా అంతే ముఖ్యం. రేకులు బాగా బిగించి, పర్లిన్‌ను ట్రస్సు మీద రెండు చుక్కల వెల్డింగుతో వదిలేస్తే రేకులూ పర్లిన్లూ కలిసే ఎగురుతాయి. ఇటుక గోడల మీద ట్రస్సు పెట్టేవారు గోడ పైన కాంక్రీటు బెల్టు వేసి, అందులో బోల్టులు ముందే పాతి, వాటికి బేస్ ప్లేటు బిగించాలి. ఊరికే గోడ మీద పెట్టి ఇటుక ముక్కలతో సర్దిన ట్రస్సును ఏదీ పట్టి ఉంచదు. చూరు బయటికి రెండడుగుల కంటే ఎక్కువ పొడిగించకండి. కింది నుండి గాలికి మొదట దొరికేది ఆ చూరే.

కిటికీలకు వల మాత్రమే కట్టి, తలుపులు లేకుండా వదిలిన షెడ్లు చాలా చూశాను. ఐదవ దశ పురుగుకు గాలి కావాలన్నది నిజమే. అయినా గాలివాన వచ్చే అరగంట, గంట సేపు కిటికీలు మూసినంత మాత్రాన పురుగుకు ఏమీ కాదు. గాలి వచ్చే వైపున మూసుకునే రెక్కలు ఉండాలి. గోనెపట్టలు, షేడ్ నెట్లు ఆ పని చేయవు.

సిమెంటు రేకు ఇనుప రేకు కంటే బరువు కాబట్టి గాలికి మేలు అని కొందరు అంటారు. కొంత నిజమే కాని, ఆ బరువూ చాలదు, పైగా వడగళ్ళకు పగులుతుంది. 2014 ఫిబ్రవరి, మార్చి నెలలలో మరాఠ్వాడాలో కురిసిన వడగళ్ళ వానలు గుర్తున్న రైతులకు ఈ మాట వివరించనక్కరలేదు.

కప్పు బరువుగా ఉంటే? కిల్లారి చెప్పిన జవాబు

గాలికి తేలిక కప్పు ప్రమాదమైతే, బరువైన కప్పు వేసుకుంటే సరిపోదా అని ఒక రైతు అడిగారు. మంచి ప్రశ్న. దానికి జవాబు మన పక్క జిల్లాలోనే ఉంది. లాతూరు జిల్లా కిల్లారి వద్ద 1993 సెప్టెంబరు 30న తెల్లవారుజామున 6.2 తీవ్రతతో భూకంపం వచ్చింది. వేలమంది చనిపోయారు. ఆ నాటి పటంలో ఆ ప్రాంతం అన్నిటికంటే తక్కువ ప్రమాద మండలంలో ఉండేది. 2002లో పటాన్ని సవరించి మొదటి మండలాన్నే ఎత్తివేశారు, కిల్లారి ప్రాంతాన్ని మూడవ మండలంలో చేర్చారు.

అంతమంది ప్రాణాలు తీసింది భూమి కాదు, ఇళ్ళు. బురద మట్టితో కట్టిన మందపాటి రాతి గోడలు, వాటి మీద దూలాలు, దూలాల మీద మందంగా పరచిన మట్టి కప్పు. భూకంపం కట్టడాన్ని దాని బరువును బట్టే పక్కకు లాగుతుంది. ఎంత బరువుంటే అంత లాగుడు. 2016 నాటి ప్రమాణం ప్రకారం, రెండవ మండలంలో కడ్డీలు లేని సాధారణ గోడల కట్టడాన్ని తన బరువులో సుమారు పన్నెండో వంతు బలం పక్కకు నెడుతుందని లెక్కించాలి. మూడవ మండలంలో అది ఏడున్నరో వంతు అవుతుంది. అడుగు మందం మట్టి కప్పు చదరపు అడుగుకు దాదాపు 47 కిలోలు తూగుతుంది. పది అడుగులు, పన్నెండు అడుగుల గది మీద ఐదున్నర టన్నులకు పైమాట. అదే గది మీద ఇనుప రేకు, పైపులతో సహా నూటయాభై కిలోలు.

చిన్న చాకీ పురుగులను పెంచడానికి పాత మట్టి కప్పు ఇళ్ళను వాడే వారున్నారు, లోపల చల్లగా ఉంటుందని. పురుగుకు మంచిదే. ఆ గదిలో రాత్రి పడుకోవద్దు. ప్రతి ఏటా వానాకాలానికి ముందు పాత మట్టి మీదనే కొత్త మట్టి వేయడం మన ఊళ్ళ అలవాటు. ఇరవై ఏండ్లలో ఆ కప్పు ఎంత పెరిగిందో ఇంట్లో వారికే తెలియదు. కొత్త మట్టి వేసే ముందు పాతది గీకి దించాలి.

భూకంపం కిల్లారితో అయిపోయిన మాట కాదు. 2024 మార్చి 21న, మళ్ళీ జూలై 10న హింగోలి జిల్లాలో 4.5 తీవ్రతతో భూమి కదిలింది, నాందేడు వరకు తెలిసింది. అదే ఏడు డిసెంబరు 4న ములుగు జిల్లాలో 5.3 తీవ్రతతో వచ్చినది తెలంగాణ అంతటా, గడ్చిరోలి వైపున కూడా తెలిసింది.

కాబట్టి రైతు ప్రశ్నకు జవాబు ఇది. కప్పు తేలికగానే ఉండాలి, కాని గట్టిగా కట్టబడి ఉండాలి. బరువుతో కాదు, బిగింపుతో నిలబెట్టాలి. ఇటుక గోడల షెడ్డుకైతే తలుపుల పైన గోడ చుట్టూ తెగకుండా తిరిగే లింటెల్ బ్యాండు వేయాలి. మందం 75 మిల్లీమీటర్లకు తగ్గకూడదు, లోపల రెండు కడ్డీలు ఉండాలి, మూలల వద్ద కడ్డీలు వంగి రెండవ గోడలోకి పోవాలి. రాతి గోడలైతే గోడ రెండు ముఖాలను కలిపే పొడవాటి బంధపు రాళ్ళు లేకుండా కట్టనివ్వకండి.

నీరు

2025 ఆగస్టులో ముఖేడ్ తాలూకా గ్రామాలు, ఆ నెలాఖరులో కామారెడ్డి ప్రాంతం ఎలా మునిగాయో చూశాము. గోడ బయట మూడడుగుల మూడంగుళాల, అంటే మీటరు లోతు నీరు నిలిస్తే, మీటరు పొడవు గోడను 500 కిలోల బలం లోపలికి నెడుతుంది. యాభై అడుగుల గోడకు ఏడున్నర టన్నులు. నీరు రెండు వైపులా సమంగా ఉంటే ఈ నెట్టుడు ఉండదు. గోడ కింది భాగంలో నీరు పోయే కంతలు ఉంచి, మామూలు రోజులలో చీమలు, ఎలుకలు రాకుండా జాలీతో మూయండి. వాగు పక్కన మల్బరీ తోట ఉండవచ్చు, షెడ్డు మాత్రం ఊరి మెరక మీదనే కట్టండి. ఆకు మోసే దూరం కొంత పెరిగినా సరే.

మీద ఇంకో అంతస్తు వేయవచ్చా?

ఈ మధ్య ఇంటి స్లాబు మీద పెంపక గది వేసుకోవాలనుకునే వారు పెరిగారు. పొలంలో స్థలం కలిసి వస్తుందని, దొంగల భయం ఉండదని. ఇంటి స్లాబు పురుగుల బరువుకు ఆగుతుందా?

పురుగుల బరువు పెద్ద సమస్య కాదు, మీరే తూచి చూసుకోవచ్చు. ఐదవ దశలో, మేత వేసిన వెంటనే, ఒక చదరపు అడుగు పడకను కొమ్మలు, పురుగులు, లద్దెలతో సహా కోసి తక్కెడలో పెట్టండి. రెండు కిలోలు వచ్చిందనుకుందాం. మూడంతస్తుల స్టాండు కింద చదరపు అడుగు నేలకు ఆరు కిలోలు. స్టాండు బరువు, నడిచే మనుషులను కలిపినా ఇంటి స్లాబుకు చెప్పిన 19 కిలోల లోపలే ఉంటుంది. స్లాబు సక్రమంగా కట్టినదైతే, ఎక్కడా పెచ్చులూడి కడ్డీలు తుప్పు కనబడకపోతే, పురుగులు పెంచుకోవచ్చు.

చిక్కు ఆ తరువాత వస్తుంది. పట్టు పంట అయిపోయాక ఖాళీ గది ఎందుకు ఉంచాలని సోయాబీన్ బస్తాలు ఎక్కిస్తారు. యాభై కిలోల బస్తా పడుకోబెడితే నాలుగు చదరపు అడుగుల లోపే ఆక్రమిస్తుంది. పది బస్తాలు ఒకదాని మీద ఒకటి పెడితే చదరపు అడుగుకు 130 కిలోలు. పందొమ్మిది కిలోలకు కట్టిన స్లాబు మీద ఏడింతల బరువు. వేయి లీటర్ల నీటి ట్యాంకు కూడా అంతే, నాలుగడుగుల వెడల్పు ట్యాంకు కింద చదరపు అడుగుకు 80 కిలోలు పడుతుంది. ట్యాంకును స్లాబు మధ్యలో కాక, కింద గోడో స్తంభమో ఉన్న చోట, దిమ్మె కట్టి పెట్టండి. బస్తాలను మాత్రం కిందనే ఉంచండి. ఇంటి మీద గోదాము పెట్టరాదని భివండి వారికి చెప్పడం సులువు, మన ఇంట్లో మనం ఆ మాట వినడం కష్టం. అయినా చెప్పక తప్పదు.

స్లాబు మీద రేకుల గది వేసేవారు ఇంకొకటి గమనించాలి. నేల మీది షెడ్డుకు పునాది గుంత ఉంటుంది. స్లాబు మీది స్తంభానికి గుంత ఉండదు. నాలుగు చిన్న బోల్టులతో స్లాబుకు తగిలించిన స్తంభం మీద అదే 1,100 కిలోల ఎత్తుడు పడుతుంది, ఎత్తు పెరిగిన కొద్దీ గాలి ఇంకా పెరుగుతుంది. కింది స్తంభాల కడ్డీలు పైకి వదిలి ఉంటే వాటితోనే కలపాలి. లేకుంటే ఇంజనీరు చూడకుండా వేయవద్దు.

షెడ్డు కట్టించే ముందు ఇంజనీరును మూడు అంకెలు అడిగి కాగితం మీద వ్రాయించుకోండి: ఏ గాలి వేగానికి లెక్క కట్టారు, నేలకు లేక స్లాబుకు చదరపు అడుగుకు ఎంత బరువు తీసుకున్నారు, ఏ భూకంప మండలం అనుకున్నారు. మేస్త్రీ ఒక్కడే కట్టే చోట, మా శాఖ సాంకేతిక సేవా కేంద్రానికి వస్తే పంచాయతీ సమితి ఇంజనీరు చేత ఒకసారి చూపించే ఏర్పాటు చేసుకోవచ్చు. ఆ కాగితాన్ని గుడ్ల కార్డులు, పట్టాదారు పుస్తకం పెట్టే చోటనే భద్రపరచండి. పదేండ్ల తరువాత మీ కొడుకు మీద అంతస్తు వేయాలనుకున్నప్పుడు అడిగేది దానినే.

ఇప్పటికే షెడ్డు ఉన్నవారు ఏటా మార్చి నెలలో, వేసవి పంటకు గుడ్లు తేకముందు, శుద్ధి చేసే రోజుననే ఈ పని కూడా పెట్టుకోండి. నిచ్చెన వేసి ప్రతి బోల్టును స్పానరుతో బిగించండి, తుప్పు పట్టిన వాషర్లు మార్చండి. బ్లీచింగ్ ద్రావణం ఇనుమును త్వరగా తింటుంది, కనుక స్తంభాల మొదళ్ళ వద్ద, నేలను తాకే చోట, రంగు లేచిందేమో చూసి మళ్ళీ రంగు వేయండి. స్తంభం చుట్టూ నేల విచ్చి ఉంటే మొరం, నీళ్ళు పోసి దిమ్మిస కొట్టండి. కిటికీ రెక్కల గొళ్ళాలు పడుతున్నాయా లేదా రాత్రి పూట ఒకసారి మూసి చూసుకోండి, ఎందుకంటే అవసరం వచ్చేది చీకట్లో, కరెంటు పోయినప్పుడే.